తలుపు సందులో దారపు రీలు

ఇస్త్రీ మామను వాచ్‌మన్లు రెక్కలు పట్టి ఈడ్చుకుపోతుంటే కుట్టు హాలంతా తల వంచుకుని కుడుతూనే ఉంది. ఆవిరి గొట్టం బుస్సుమనగానే ఇస్త్రీపెట్టెను చొక్కా మీదే వదిలేసి బల్ల కింద దూరడం ఆయన చేసిన నేరం. చొక్కా మాడింది. ఆ కమురు వాసనకు చాలామంది చేతులు వణికాయి. సూపర్‌వైజర్‌కు చొక్కా ఒక్కటే కనిపించింది.

"మంటలారి ఏడాదైంది. ఇంకా ఈ నాటకాలేంటి? నీకే జబ్బూ లేదని కంపెనీ డాక్టర్ చెప్పాడుగా!"

"జబ్బని నేనన్నానా బాబూ? ఒళ్ళు నా మాట వినట్లేదు" అన్నాడు మామ.

అది చూసి వదినకు ఏడుపొచ్చింది.

ఆమె హాలందరికీ వదినే. మొదట్లో ఆ పిలుపు ఆడపడుచు ఒక్కదానిదే. పక్క మిషన్ మీద కాలర్లు కుడుతూ "వదినా, వదినా" అని రోజంతా ప్రాణం తోడేసేది. హాలు అంటుకున్న రోజు ఆ పిల్ల వెనక తలుపు దాకా వెళ్ళగలిగింది. గుడ్డముక్కలు దొంగిలిస్తారని యజమాని దానికి బయట తాళం వేయించాడు. తాళం పగిలేసరికి పిల్ల లేదు. ఆ పిలుపు వినబడకపోతే ఈమె కూడా దక్కదేమోనని తర్వాత అందరూ వదినా అనడం మొదలుపెట్టారు.

బతికింది, దాన్ని బతుకంటే. స్నానాల గది తలుపు వేసుకోలేదు. మొగుడు గొళ్ళెం పెడితే లేచి తీస్తుంది. "దొంగలు పడతారే" అంటే, "మన కొంప చూసి దొంగే జాలిపడి ఏదో పెట్టిపోతాడులే" అని నవ్వేస్తుంది. ఆ నవ్వయ్యాక మాత్రం కన్ను మూతపడదు.

హాలుకు పెట్టిన కొత్త వెనక తలుపు మూస్తే చాలు, తాళం దానంతటదే పడుతుంది. తాళంచెవి సూపర్‌వైజర్ జేబులో ఉంటుంది. చెత్త మోయడానికి పొద్దున తలుపు తీసినప్పుడు, వదిన గబుక్కున వంగి నేల దగ్గర సందులో ఖాళీ దారపు రీలు ఒకటి ఇరికించి వస్తుంది. ఇది తన ఒక్కదాని పిచ్చేననుకుని ఎవరికీ చెప్పలేదు.

ఆ రోజు రీలు పెట్టి, కళ్ళు తుడుచుకుంటూ తల ఎత్తింది. సందులో మోకాలెత్తున ఒక రీలు, భుజమెత్తున ఇంకొకటి ఉన్నాయి. వెనకనే గుండీలు కుట్టే అక్క, పిడికిట్లో రీలుతో.

"నువ్వు కూడానా వదినా? నాకొక్కదానికే పిచ్చనుకున్నా!"

మధ్యాహ్నం కుళాయి దగ్గర మాట బయటపడింది. ఒకరు నోరు విప్పేసరికి అందరి నోళ్ళూ లేచాయి.

"బెలూన్ పేలిందని మా పాపని గొడ్డుని బాదినట్టు బాదాను" అన్నాడు కటింగ్ మాస్టర్, ముఖం పక్కకు తిప్పుకుని.

"నేను పొయ్యి వెలిగించి ఏడాదైంది. మా అత్త నన్ను సోమరిదంటుంది" అంది ఇంకొకామె.

మడతలు పెట్టే తాతకు ఒళ్ళు మండింది. "నోరు మూసుకోండి! పిచ్చోళ్ళని తెలిస్తే అందర్నీ గెంటేస్తారు."

"మనది పిచ్చయితే తాళం వేసినవాడిది ఏంటి తాతా?" అంది వదిన. "ఒకరికుంటే ఖర్మ అనుకోవచ్చు. హాలు మొత్తానికి ఉంటే అది వాడు పెట్టిన వాతే. మామని పనిలోకి తీసుకోవాలి. మన మాట వినే డాక్టర్ కావాలి. ఆ తలుపుకి తాళం ఉండకూడదు."

తాత జేబులో చెయ్యి పెట్టాడు. అందులోంచి కూడా ఒక రీలు బయటికొచ్చింది.

అందరూ కలిసి వెళ్ళి అడిగారు. సూపర్‌వైజర్ రీళ్ళన్నీ కాలితో తన్ని, తలుపు ధడేల్మని వేశాడు. తాళం టక్కుమంది.

ఆ శబ్దానికి మిషన్లన్నీ ఆగిపోయాయి. ఇన్నాళ్ళూ ఎవరికి వాళ్ళు వణికినవాళ్ళు ఈసారి ఒకళ్ళనొకళ్ళు చూసుకున్నారు. మెకానిక్ స్క్రూడ్రైవర్ తీశాడు. తలుపును ఊడబీకి, అందరూ పాడె మోసినట్టు భుజాన మోసుకెళ్ళి, ముందు గేటులో యజమాని కారుకు అడ్డంగా పడేశారు.

పోలీసులు దిగారు. "తలుపు పీకిందెవరు?"

"మేమే" అంది హాలు.

అందరినీ ఎక్కించడానికి జీపు చాలలేదు. ముందు నిలబడ్డ వదినను ఎక్కించారు.

లాకప్ గడప దగ్గర ఆమె ఆగిపోయింది. యజమాని కారుకే తలుపు అడ్డం వేసిన మనిషి కానిస్టేబుల్ చేతులు పట్టుకుంది. "ఎన్నాళ్ళైనా కూర్చుంటానయ్యా, ఎక్కడికీ పోను. తలుపొక్కటీ వెయ్యకు."

వేశాడు.

ఊపిరి ఆడలేదు. ఎక్కడా పొగ లేదు, అయినా గొంతు నిండా పొగే. గోడకు అతుక్కుపోయి వెక్కి వెక్కి ఏడ్చింది.

అప్పుడు కిటికీలోంచి వినబడింది. "వదినా!"

గుండీలక్క. ఆ వెంటనే మాస్టర్, తాత. ఆ తర్వాత ఇస్త్రీ మామ బొంగురు గొంతు. ఒకరు ఆపితే ఒకరు అందుకుంటున్నారు. లాఠీ దెబ్బ చప్పుడైంది, ఒక గొంతు మధ్యలో ఆగిపోయింది. ఆ పిలుపును ఆమె ఎరగని గొంతు అందుకుంది.

"పక్క హాలు వాళ్ళం వదినా! మా తలుపు కూడా పీకాం!"

వదిన ఇంకా వణుకుతూనే ఉంది. ఆ వణుకు రేపూ ఉంటుంది. గోడ పట్టుకుని లేచి, కిటికీ కిందికి వచ్చి, ఉన్న గొంతంతా పెట్టి అరిచింది.

"ఉన్నానే! పిలుస్తూనే ఉండండి!"