మహిమ కూర్చున్న చోటు

కల్లంలో ఎండుమిరప రాశి పోయగానే ఆడవాళ్లు ముక్కులకు కొంగులు బిగించి చుట్టూ చేరారు. తొడిమ తుంచి మంచికాయ ఇటు, తాలుకాయ అటు. రాశికి తూర్పువైపు మాత్రం ఒక మనిషి పట్టేంత గూడు. ఎన్ని కాయలు పోసినా అక్కడ నిలవవు, పక్కలకు జారిపోతాయి. రోజూ అక్కడ కూర్చునే మహిమ కూలీల ఆటో తిరగబడి పోయినప్పటి నుంచీ అంతే. గూడు ఆకారం చూస్తే సన్నటి భుజాలు, కాస్త ఎడమకు వాలిన మెడ. అచ్చం ఆ పిల్ల కొలతే.

తల్లి సంతోషకుమారి రోజూ ఆ పక్కనే కూర్చుంటుంది. ఈమధ్య ఆవిడకు మతిమరుపు. పొయ్యి మీద అన్నం మాడితే మాడింది గానీ, కూతురి మొహం చెదిరిపోతోందని హడలిపోతోంది. ఉన్న ఒక్క ఫొటో శవపెట్టెలో పెట్టి పూడ్చేశారు. పెట్టమని ఏడ్చింది తనే.

ఆరోజు గుంటూరు నుంచి శరణ్య అనే అమ్మాయి కెమెరాతో వచ్చింది. పోయినవాళ్ల మీద చిన్న సినిమా తీస్తోందట. అందులో కథ ఉండదట.

"కథ లేకపోతే ఎవరు చూస్తారే పిల్లా?" అంది కాయలు ఏరుతున్న సైదాబీ.

"నన్ను తియ్యమ్మా, హీరోలా ఉంటా," అన్నాడు కూలీల మేస్త్రి బుల్లయ్య.

"నువ్వా? తాలుకాయలా ఉంటావు!" అంది సైదాబీ.

ఘాటుకు దగ్గుతూనే అందరూ నవ్వారు.

శరణ్య వెళ్లి సంతోషకుమారి దగ్గర కూర్చుంది. "మహిమ ఎలా ఉండేదో చెప్తారా అమ్మా?"

"చామనచాయ..." అని ఆగిపోయింది సంతోషకుమారి. కళ్లు గుర్తు రాలేదు. ముక్కు రాలేదు. చేతిలో కాయ చితికిపోయింది. "అందులో కూర్చుంటే గుర్తొస్తుందేమో."

"పిల్ల చోటక్కా అది. నువ్వెక్కడ పడతావు?" అన్నాడు బుల్లయ్య.

"నా కడుపులో అది పట్టలేదట్రా?" అని గూట్లోకి జరిగింది.

కాయలు గలగలమని సర్దుకున్నాయి. వంగిన వీపు నిటారైంది. మొహం గుర్తొచ్చింది. ముందు కళ్లు, తర్వాత పన్ను మీద పన్ను, గడ్డం కింద పుట్టుమచ్చ. ఎదురుగా చూసినట్టు కాదు, తన మొహం తనకు తెలిసినట్టు. వేళ్లు చకచకా తొడిమలు తుంచసాగాయి. శరణ్య కెమెరా ఆపలేదు.

పొద్దు వాలాక, మంచు పడకుండా పట్టా కప్పడానికి బుల్లయ్య వచ్చాడు.

"ఒసే మహిమా, లేవవే. మీ అమ్మేదీ?"

ఎవరూ తలెత్తలేదు. గూట్లో ఉన్నామె పక్కకు చూసింది. సంతోషకుమారి రోజూ కూర్చునే వైపు కాయలు జారి కొత్తగా ఖాళీ పడింది. వెడల్పాటి నడుము, వంగిన వీపు.

"అదుగో, అక్కడే ఉందిగా," అంది. "మెల్లగా కప్పు మామా."