సకేయాసి దీవికి రెండు బిందెల నీళ్ళు

లెవూకా చేపల ఫ్యాక్టరీలో పది గంటల సైరన్ మోగగానే ఆడవాళ్ళంతా టీ కోసం పరుగెత్తుతారు. తరైవిని ఒక్కతే ఫోను కోసం పరుగెత్తుతుంది. యాభై ఆరేళ్ళ మనిషి. కాళ్ళకి రబ్బరు బూట్లు, తలకి వల టోపీ, ఎంత తోమినా చేతులని వదలని ట్యూనా వాసన. ఆ చేతుల్తోనే తన అర తాళం తీసి, ఫోను తెరిచి, అన్నయ్య దీవికి రెండు బిందెల నీళ్ళు పోస్తుంది.

నిజం దీవి కాదు, ఫోనులోది. పచ్చదీవి అని ఒక ఆట. అందులో అందరికీ తలా ఒక దీవి, నాలుగు కొబ్బరి చెట్లు, రెండు పందులు ఉంటాయి. నీళ్ళు మాత్రం ఎవరి దీవిలోనూ ఉండవు, చుట్టాలూ స్నేహితులూ పొయ్యాలి. రోజూ పదింటికి గంట మోగినట్టు చిన్న చప్పుడొచ్చి, తెర మీద అక్షరాలు కనిపిస్తాయి: "సకేయాసి మిమ్మల్ని రెండు బిందెల నీళ్ళు అడుగుతున్నారు." సొంత అన్న నీళ్ళడిగితే లేవని చెప్పే చెల్లెలు ఫిజీలో ఇంకా పుట్టలేదు.

ఇలాంటి ఆటలు ఆ ఫోనులో మొత్తం ఆరున్నాయి. ఒకదాన్లో మిఠాయిలు పగలగొట్టాలి, ఒకదాన్లో పిల్లికి బట్టలు తొడగాలి. అవెలా వచ్చాయో చెప్పడం తేలికే. తరైవినికి ఎవరేమడిగినా కాదనడం చేతకాదు. పక్కింటావిడ కత్తిపీట అడిగితే ఇచ్చేస్తుంది, ఎప్పుడు తిరిగొస్తుందని అడగదు. కూతురు అసెనదా రెండేళ్ళ కిందట ఈ ఫోను కొనిచ్చిన రోజు, ఫోను కూడా ఎంతో మర్యాదగా అడగడం మొదలుపెట్టింది. మీ వాళ్ళందరి పేర్లూ చూడొచ్చా? సరే. మీ పేరు మీద వాళ్ళకి కబుర్లు పంపొచ్చా? సరే. ఇంకో ఆట పెట్టుకుంటారా? సరే. అంత మర్యాదగా అడుగుతున్నదాన్ని పట్టుకుని వద్దంటే ఏం బావుంటుందని ఆమె అన్నిటికీ సరే నొక్కింది.

ఇప్పుడది పీకల మీదికొచ్చింది. అసెనదాకి నెలలు నిండాయి. మొగుడు ఓడ మీద పనికి పోయాడు, రాజధాని సూవాలో పిల్ల ఒక్కతే ఉంది. నొప్పులు మొదలవగానే తల్లికి ఫోను చెయ్యాలి, తల్లి పడవెక్కి పోవాలి, అదీ ఏర్పాటు. సంచీ సర్ది గుమ్మం పక్కన పెట్టి పది రోజులైంది. తీరా మొన్న మంగళవారం కూతురు నాలుగుసార్లు చేస్తే, ఫోను ఒక్కసారీ మోగలేదు. అప్పుడు తెర మీద ఒక పంది ఎగురుతోంది. ఎంత నొక్కినా ఆ పంది కదిలింది గానీ ఫోను కదల్లేదు.

అదృష్టం బాగుండి అవి ఉత్తుత్తి నొప్పులు. కానీ అసెనదా మాటలు మాత్రం ఉత్తుత్తివి కావు. "అమ్మా, నేను ఆ గదిలో ఒక్కదాన్నే పడి ఉంటా. నువ్వక్కడ పందికి నీళ్ళు పోస్తూ ఉండు," అంది. ఆ మాట తరైవినికి మేకులా దిగింది. ఎందుకంటే అసెనదా పుట్టినప్పుడు తరైవిని తల్లి కూడా సమయానికి రాలేకపోయింది. ఆ పూట ఎవరి చెయ్యి పట్టుకోవాలో తెలియక మంచం ఇనపపట్టీ పట్టుకుని అరిచిన సంగతి ఆమె ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.

బుధవారం టీ వేళ ఫోను తీసుకెళ్ళి ఉనాయిసి చేతిలో పెట్టింది. పక్క బల్ల మీద చేప వెన్ను తీసే పిల్ల, ఇలాంటివాటిలో చురుకు. ఉనాయిసి ఫోను చూసి బుగ్గలు నొక్కుకుంది.

"తరై అక్కా, దీన్లో గాలి పీల్చుకోడానికి కూడా చోటు లేదు. ఈ పిల్లి ఎవరు?"

"అదొచ్చి కూర్చుంది. నేను పిలవలేదు."

ఉనాయిసి ఒక్కో బొమ్మనీ వేలితో కాసేపు నొక్కి పట్టడం, అది వణకడం, తీసెయ్యమంటారా అని ఫోను అడగడం, సరే అనడం. పిల్లి పోయింది, మిఠాయిలు పోయాయి, అయిదూ పోయాయి. తరైవిని ప్రతిదానికీ లోపల్లోపల క్షమాపణ చెప్పుకుంది. ఆరోదాని మీద వేలు పడేసరికి మాత్రం గబుక్కున ఫోను లాక్కుంది.

"అది కాదు. అది మా అన్నది."

అసలు మొత్తం చోటు మింగుతున్నది అదేనని ఉనాయిసి నెత్తీ నోరూ మొత్తుకుంది. తరైవిని వినలేదు. విన్నా చేసేదేం లేదు. పద్నాలుగో ఏట ఆమె పెద్దమనిషైన రోజు నుంచీ అన్నాచెల్లెళ్ళు నేరుగా ఒక్క మాట మాట్లాడుకోలేదు. వయసొచ్చాక వాళ్ళ ఊళ్ళో ఏ అన్నాచెల్లెళ్ళూ మాట్లాడుకోరు. అన్న ఇంట్లోకొస్తే చెల్లెలు ఇంకో తలుపులోంచి వెళ్ళిపోతుంది. చెప్పాల్సింది ఉంటే మధ్యలో మనిషి ఉండాలి. అది పగ కాదు, గౌరవం. ఆ గౌరవంతోనే సకేయాసి తన చదువు మానేసి కొబ్బరి ఎండబెట్టి చెల్లెల్ని చదివించాడు. పెద్ద తుఫాను వచ్చిన ఏడు ఆమె గుమ్మం ముందు చేమదుంపల మోపొకటి పెట్టి, పిలవకుండా వెళ్ళిపోయాడు. తాడు ముడి చూసి ఎవరు తెచ్చారో ఆమె గుర్తుపట్టింది. నలభై రెండేళ్ళలో ఆయన నోరు తెరిచి ఆమెని ఏదీ అడగలేదు. ఇప్పుడు, ఈ పచ్చదీవి పుణ్యమా అని, రోజూ రెండు బిందెలు అడుగుతున్నాడు. అడగక అడగక అడిగినవాడికి లేదనడానికి ఆమెకి నోరెలా వస్తుంది?

గురువారం మధ్యాహ్నం ఇంట్లో ఒంటరిగా కూర్చుని, తానే తీసేద్దామని ప్రయత్నించింది. కూతుర్ని తలుచుకుని, గట్టిగా ఊపిరి పీల్చుకుని, ఆ కొబ్బరి చెట్టు బొమ్మ మీద వేలు పెట్టి నొక్కింది. బొమ్మ వణికింది. తెర మీద అన్న ఫొటో వచ్చింది, చర్చికి వెళ్ళే తెల్లచొక్కాలో. కింద అక్షరాలు: "మీరు వెళ్ళిపోతే సకేయాసి బెంగపెట్టుకుంటారు. అయినా వెళ్ళిపోతారా?"

ఆమె కాలినట్టు వేలు తీసేసింది. తనకోసం బెంగపెట్టుకుంటాడన్న మాట ఆ మనిషి గురించి ఎవరూ ఎప్పుడూ అనలేదు. ఫోను పక్కన పడేసి ఏడ్చింది. కూతురి ముందు తల్లి కాకుండా పోతుంది, లేకపోతే అన్న ముందు చెల్లెలు కాకుండా పోతుంది. ఇందులోంచి బయటపడే తోవే ఆమెకి కనిపించలేదు.

తోవ లేనప్పుడు పెద్దలు చేసే పని ఒకటుంది. శుక్రవారం జీతం అందగానే బజారులో నూరి నీళ్ళలో పిండి తాగే యంగోనా మొక్క వేళ్ళ కట్ట, మంచిది, ఒకటి కొంది. పెళ్ళి అడగాలన్నా, తప్పు ఒప్పుకోవాలన్నా, ఇచ్చిన మాట నుంచి విడిపించమనాలన్నా ఆ కట్ట ముందు పెట్టి అడగాలి. ఫోనులో నీళ్ళు పొయ్యడం మానేస్తానని చెప్పడానికి కట్ట పట్టుకెళ్ళిన మొదటి మనిషి బహుశా తరైవినే. శనివారం పొద్దున లారీ ఎక్కి, లెవూకా ఉన్న దీవి చుట్టూ తిరిగి, అవతలి ఒడ్డున ఉన్న కోరోవౌలో పుట్టింటి ముందు దిగింది.

వదిన కెలెరా గుమ్మంలోనే పట్టుకుంది. వదినామరదళ్ళకి మాత్రం ఏ అడ్డూ లేదు, ఎంతైనా అనుకోవచ్చు. ఆ హక్కుని కెలెరా ఒక్కరోజూ వృథా పోనిచ్చిన మనిషి కాదు.

"వచ్చావా తల్లీ, నీళ్ళ మహారాణీ! నీ బిందెల సంగతి తేల్చడానికి నేనే వద్దామనుకుంటున్నా."

"నా బిందెలేంటి వదినా?"

"ఏమీ ఎరగనట్టు అడుగుతోంది చూడు. ఊళ్ళో ఫోనుకి సిగ్నలు గాలి తగలాలంటే గుట్టెక్కాలి. నువ్వు రోజూ నీళ్ళు నీళ్ళని అడుగుతుంటే, ఆ ముసలాయన రోజూ గుట్టెక్కి పోసి వస్తున్నాడు. పోయిన నెల జారి పడ్డాడు. మోకాలు చూద్దువుగాని రా. మూణ్ణెల్లు గుట్ట పేరెత్తొద్దన్నాడు డాక్టరు. ఈయన వింటేగా. చెల్లెలు అడిగిందట, ఎక్కాలట."

తరైవిని ఎన్నడూ అడగలేదు. అడిగింది అన్న. ఆ మాటే వదినతో చెప్పింది, ఒట్టేసి చెప్పింది. కెలెరా నవ్వబోయి ఆగిపోయింది. ఇద్దరూ ఫోనులు పక్కపక్కన పెట్టి చూసుకున్నారు. ఆమె ఫోనులో అన్న అడుగుతున్నాడు. అన్న ఫోనులో ఆమె అడుగుతోంది. ఏడాదిన్నరగా, అవే మాటలు, అవే రెండు బిందెలు. మీ పేరు మీద కబుర్లు పంపొచ్చా అని ఫోను మర్యాదగా అడిగిన రోజు తరైవినికి గుర్తొచ్చింది.

లోపల సకేయాసి ఇంటి పెద్దలు కూర్చునే ఎగువ తలుపు దగ్గర చాప మీద ఉన్నాడు, కట్టు కట్టిన కాలు బార్లా చాపుకుని, సముద్రం వైపు మొహం తిప్పుకుని. తరైవిని దిగువ తలుపు దగ్గరే కూర్చుని తల వంచుకుంది. జుట్టంతా నెరిసిందని ఓరకంట చూసింది. యంగోనా కట్టని కెలెరా తీసుకెళ్ళి ఆయన ముందు పెట్టింది. తరైవిని చెప్పాల్సింది వదినకి చెప్పింది: కూతురికి నెలలు నిండాయి, ఫోను పలకడం లేదు, నీళ్ళు పొయ్యడం నుంచి విడిపించమని అడగడానికొచ్చాను, అన్నయ్య కాలు నావల్లే పోయింది, అదీ క్షమించమని.

సకేయాసి కట్ట మీద చెయ్యి వేసి, అరచేతులు బోలుగా చేసి మూడుసార్లు చప్పుడు చేశాడు. అంటే ఒప్పుకున్నట్టే. ఆ పైన మాట పెళ్ళాంతో అన్నాడు, సముద్రం వైపే చూస్తూ.

"ఆవిడతో చెప్పు. అడుగుతోంది ఫోనేనని నాకు మొదటి వారమే తెలిసింది. మా చెల్లెలు ఎవర్నీ ఏదీ అడగదు."

కెలెరా నడుం మీద చేతులు వేసుకుంది. "తెలిసే ఎక్కావా? తెలిసే కాలు విరగ్గొట్టుకున్నావా?"

"పైకెక్కితే చెల్లెలి పేరు కనిపిస్తుంది. నీళ్ళు పోసినట్టు తెలుస్తుంది. పోసిందంటే లేచి పనికెళ్ళింది, బాగానే ఉంది. అంతే. ఇంకేం అడుగుతాను?" అన్నాడు. యంగోనా కట్టని తన వైపు లాక్కుని, "తీసెయ్యమను. పిల్ల కాన్పు ముఖ్యం," అన్నాడు.

తరైవిని దిగువ తలుపు దగ్గర కూర్చుని నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. విడుదల దొరికింది. అడిగినంతా దొరికింది. ఇలా దొరకకపోయినా బాగుండేదనిపించింది. కెలెరా రెండు ఫోనులూ పట్టుకుని గుట్టెక్కింది, ముసలాయన్ని తిట్టుకుంటూ, మరదల్ని వెంటపెట్టుకుని. పైన గాలి తగలగానే తరైవిని అన్న ఫోనులోది తీసేసింది, తర్వాత తనది. రెండోసారి అన్న ఫొటో వచ్చి బెంగపెట్టుకుంటారని చెప్పినప్పుడు, "తెలుసు" అని పైకే అని, సరే నొక్కింది.

ఆ తర్వాతి బుధవారం ఉదయం కూతురు ఫోను చేసింది. ఈసారి మొదటి మోతకే పలికింది. తరైవిని సంచీ పట్టుకుని పడవెక్కింది, సాయంత్రానికి సూవా చేరింది. అసెనదా ఇనపపట్టీ పట్టుకోలేదు, తల్లి చెయ్యి పట్టుకుంది, వేళ్ళు నలిగిపోయేలా పట్టుకుంది. ఆడపిల్ల పుట్టింది. ట్యూనా వాసన వేస్తున్న ఆ చేతుల్లోనే మొదట పడుకుంది.

నెల తిరక్కుండానే తరైవిని ఫ్యాక్టరీకి తిరిగొచ్చింది. పది గంటల సైరన్ మోగింది. అలవాటుగా అర తాళం తీసింది. ఫోను ఖాళీగా, తేలిగ్గా ఉంది. అడిగేవాళ్ళెవరూ లేరు. ఇక టీకి వెళ్ళొచ్చు కదా అనుకుంటుండగా ఫోను మోగింది. ఒక్కసారి మోగి ఆగిపోయింది. తెర మీద సకేయాసి పేరుంది.

మాట లేదు, మాట ఉండకూడదు. మోత మాత్రమే.

"ఎవరక్కా?" అంది ఉనాయిసి టీ గ్లాసు అందిస్తూ.

"మా అన్న."

"ఏమన్నాడు?"

"ఏమీ అనలేదు."

తరైవిని గ్లాసు అందుకోలేదు. ఆ మోత ఎక్కణ్ణుంచి వస్తుందో ఆమెకి తెలుసు. ఊళ్ళోంచి రాదు. ఆ మోకాలితో, డాక్టరు వద్దన్నా, పెళ్ళాం తిట్టినా, ఆయన గుట్ట మీద నిలబడి ఉన్నాడు. తిరిగి మోగించకపోతే చెల్లెలికి ఏమైందోనని మధ్యాహ్నం దాకా అక్కడే నిలబడతాడు. తిరిగి మోగిస్తే రేపూ ఎక్కుతాడు. పచ్చదీవినైతే వేలితో నొక్కి పట్టి తీసేసింది. దీన్ని తీసేసే చోటు ఫోనులో ఎక్కడా లేదు.

ఆమె అన్న పేరు మీద నొక్కింది. ఒక్కసారి మోగనిచ్చి కట్ చేసింది. తర్వాత ఫోను చేతిలోనే పట్టుకుని, ఆయన జాగ్రత్తగా దిగేంత సేపు అక్కడే నిలబడింది. టీ చల్లారిపోయింది.