పొద మీది చీర

రొట్టె తుంపుకుంటూ, తల ఎత్తకుండానే అన్నాడు అంబరీశ్. “ఇయ్యాల వాగు ఒడ్డున పొదలన్నీ తీపిస్తున్న. గిల్లేసూగూరు నుంచి బీరప్ప జేసీబీ తెస్తుండు. ఆ జాగ మన మడిల కలుస్తది.”

జొన్నరొట్టె తడుతున్న మహాదేవి చెయ్యి ఆగిపోయింది. “మరి ఆడోళ్ళు యాడ స్నానం జేయాలె?”

“మీ స్నానాల కోసం నేను పంట ఆపుకోవాల్నా? జాగ నాది. అండ్ల నీదేముంది?”

అవును మరి, ఏముంది? ఇంటి వెనక నాలుగు గోడలు లేపించమని పెళ్ళయిన కొత్తలోనే అడిగింది. ‘పంట రానీ’ అన్నాడు. పంటలు వచ్చాయి. ట్రాక్టరుకు షెడ్డు వచ్చింది, దాని మీదికి రేకులూ వచ్చాయి. వాకిట్లో బండ మీద లుంగీతో నిలబడి ఒళ్ళు రుద్దుకునే మనిషికి గోడలెందుకు? ఆ నీళ్ళు కాచి తోడిపెట్టేది, వీపు రుద్దేది మహాదేవే. తనకు మాత్రం వాగే దిక్కు. రాళ్ళ సందుల్లో వేళ్ళు దిగేసుకుని, వరదకు వంగి మళ్ళీ లేచే ఆ వాగు నేరేడు పొదలే ఊరి ఆడవాళ్ళకు తలుపులు. కాపురానికి వచ్చిన మర్నాడు అత్త యంకమ్మ తీసుకెళ్ళి, తెల్లటి కుచ్చుపూలతో నిండిన ఒక పొద చూపించింది. “ఇది నీది. చీర దీని మీద ఎయ్యి. చీర కనపడితే ఏ మొగోడూ ఇటు అడుగు పెట్టడు.” కోడళ్ళందరికీ అలాగే ఒక్కో పొద. యాపలదిన్ని నుంచి పెట్టెతో వచ్చిన మహాదేవికి ఈ ఊళ్ళో ‘నీది’ అని ఎవరైనా చూపించింది ఆ ఒక్కదాన్నే. నాట్లేసి నడుము విరిగిన సాయంత్రాలు దాని చాటునే ఏడ్చింది, నవ్వింది, పాట కూడా పాడుకుంది. ఏం పీకేస్తున్నాడో ఈయనకు తెలుసా? తలుచుకుంటే ఒళ్ళు మండిపోయింది.

మహాదేవి పొయ్యి ఆర్పేసింది. పెట్టెలో ఉన్న చీరలన్నీ చంకన పెట్టుకుని వాగుకు వెళ్ళిపోయింది.

జేసీబీ వచ్చేసరికి విరగబూసిన పొదలన్నిటి మీదా చీరలు. ఆమె పొద మీద పెళ్ళి చీర. బీరప్ప గట్టు మీదే బండి ఆపేసి మొహం తిప్పుకున్నాడు. “అన్నా, ఆడోళ్ళున్నరు. నేను రాను.”

అంబరీశ్ కూడా వాగుకు వీపు పెట్టి నిలబడాల్సి వచ్చింది. “మహాదేవీ, ఇంకెంతసేపే?”

ఆమె కట్టుకున్న బట్టలతోనే రాతి మీద కూర్చుని, కాళ్ళు నీళ్ళలో పెట్టుకుంది. “నా స్నానం కాలే. ఇయ్యాల కాదు, రేపు గూడ కాదు.”

వెనక అలికిడైంది. తల తిప్పి చూస్తే అత్త. ఏనాడూ కొడుకు మాటకు ఎదురు చెప్పని యంకమ్మ, తన నేత చీర తెచ్చి పక్క పొద మీద పరిచింది. “జర జరుగు” అంటూ కోడలి పక్కన కూర్చుని, గట్టు వైపు గొంతెత్తింది.

“నాది గూడ కాలేదురా. ఆకలైతే పొయ్యి అంటించుకో.”