కొండయ్య హాజరు

కొండయ్యని పట్టపగలు, చల్లపల్లి రోడ్డు మీద, బస్సు దించి మరీ నరికారు. బస్సు నిండా జనం. ఒక్కడూ నోరెత్తలేదు. ఉప్పెనకే చావని మనిషి రొయ్యల ఆసామి గోవర్ధనరావు కూలికి పెట్టిన రౌడీల చేతుల్లో పోయాడు. చేపల తట్ట బస్సులోనే వదిలేసి దూకిన కనకరత్నం, మొగుడి తల ఒళ్లో పెట్టుకుని రోడ్డు మీదే కూర్చుంది. రౌడీల్లో ఒకడు కత్తి తుడుచుకుంటూ, "ఇక ఆ అగ్రిమెంటు నువ్వు చదువుకో అత్తా" అన్నాడు.

ఆ అగ్రిమెంటు సంగతేంటంటే, ఉప్పెన తర్వాత చేపలు పట్టే పాలెమంతా తలా కాస్త వేసుకుని గోవర్ధనరావు దగ్గర ఇళ్లకి నేల కొన్నారు. పడవకైనా పెళ్లికైనా కులపెద్ద పేరొక్కటే చెప్పడం పాలెం ఆనవాయితీ. కాగితం మీదా కులపెద్దగా కొండయ్య పేరొక్కటే రాయించారు. చేసిన పొరపాటల్లా అదే. డబ్బు ముట్టింది, ఇళ్లు లేచాయి. తర్వాత రొయ్యల చెరువులొచ్చి ఆ ఉప్పు నేల ధరకి రెక్కలొచ్చాయి. గోవర్ధనరావు రిజిస్ట్రేషన్ చెయ్యను పొమ్మన్నాడు. ఒప్పుకున్న ప్రకారం రాసివ్వాలని పాలెం బందరు కోర్టుకెక్కింది. తీర్పు వచ్చేదాకా ఇళ్లు ముట్టుకోవద్దని కోర్టు స్టే ఇచ్చింది. ఎల్లుండి కొండయ్య బోనెక్కి సాక్ష్యం చెప్పాలి. అందుకే ఇవాళ చంపారు.

మర్నాడు మట్టి చేసి వచ్చాక అందరూ చావింటి ముందే కూలబడ్డారు. పాలెం తరఫు ప్లీడరు జీవానందం వచ్చాడు.

"ఇది ఆఖరి వాయిదా అమ్మా. జడ్జి గారు ఇంక గడువివ్వనన్నారు. పిలిచినప్పుడు మనవాళ్లెవరూ లేకపోతే దావా కొట్టేస్తారు, స్టే పోతుంది. పొక్లెయిన్లు గట్టు మీద కాచుకునున్నాయి."

"పెద్దదినం కాకుండా పాలెంలో ఎవరూ పొలిమేర దాటకూడదు కదండీ" అన్నాడు కొండయ్య తమ్ముడు అప్పయ్య. "వదిన గడప దిగితే అందరికీ కీడు."

"ఆ సంగతి గోవర్ధనరావుకి తెలీదనుకున్నావా మరిదీ? తెలిసే ముహూర్తం పెట్టాడు" అంది కనకరత్నం.

"వాడి చెరువుల గట్లు తెంచేద్దాం పెద్దమ్మా" అన్నారు కుర్రాళ్లు.

"తెంచండి. మీరు జైల్లో ఉంటారు, మన కొంపలు పొక్లెయిన్ కింద ఉంటాయి. వాడికి కావాల్సిందీ అదే."

"ఎవరెళ్తే మాత్రం కోర్టు వింటుందిలే?" అంది పక్కింటి అన్నమ్మ. "పేరు ఆయనొక్కడిదేనాయె."

"భార్య వారసురాలు. డబ్బు వేసినవాళ్లంతా మేమూ కొన్నవాళ్లమే అని అర్జీ పెట్టొచ్చు" అన్నాడు జీవానందం.

కనకరత్నం లేచి నిలబడింది. "నాకు ఏడుపు రావట్లేదు. ఒళ్లు మండిపోతోంది. నేను గడప దిగుతున్నా. కీడంటారా, నిన్నటికంటే పెద్ద కీడేం మిగిలిందిరా మనకి?"

అప్పయ్య వెళ్లి తెడ్డు తెచ్చుకున్నాడు. ఒక్కొక్కరే లేచారు.

వాయిదా రోజు పొద్దున్నే చేపల వ్యానులో కిక్కిరిసి బయల్దేరారు. కాలవ లాకుల దగ్గర రోడ్డుకి అడ్డంగా ట్రాక్టరు, గొడ్డళ్లతో మనుషులు. "చావింటోళ్లు ఎక్కడికే?" అని ఒకడు కనకరత్నం జుట్టు పట్టి కిందికి లాగాడు. అన్నమ్మ చేపలు కోసే కత్తితో వాడి చెయ్యి తెగేసింది. ఇక తెడ్లు లేచాయి. ఎముకలు విరిగాయి, తలలు పగిలాయి, లాకుల మెట్ల మీద నెత్తురు జారింది. అప్పయ్య భుజంలో గొడ్డలి దిగినా తెడ్డు వదల్లేదు. అంతసేపూ చెట్టు కింద జీపులో టీ తాగుతున్న ఎస్సై, రౌడీలు పరుగు లంకించుకున్నాక జీపు దిగాడు. పాలెంవాళ్లని పట్టుకోవడానికి.

"మీరు పొండి వదినా" అని అరుస్తూ అప్పయ్య, కుర్రాళ్లు పోలీసుల ముందు గోడ కట్టారు. లాఠీలన్నీ వాళ్ల మీదే విరిగాయి. మిగతావాళ్లు ట్రాక్టరు కాలవలోకి తోసి బందరు చేరారు.

కోర్టు హాల్లో గోవర్ధనరావు ఇస్త్రీ మడత నలక్కుండా కూర్చున్నాడు. బంట్రోతు గుమ్మంలోకొచ్చి పిలిచాడు.

"కొండయ్యా!"

వరండాలో ఉన్న కనకరత్నం జనాన్ని తోసుకుంటూ గుమ్మం వైపు నడిచింది. రెండోసారి పిలిచాడు. గోవర్ధనరావు మీసం చాటున నవ్వాడు.

మూడోసారి పిలిచేసరికి, "హాజరు" అంది కనకరత్నం. వెనక అన్నమ్మ అంది. వరండా అంతా అంది. కిటికీల అద్దాలు అదిరాయి.

జడ్జి గారు తలెత్తారు. నెత్తురు కట్లతో గుమ్మం నిండా జనం.

"ఎవరు మీరంతా?"

"కొండయ్యని నరికితే మిగిలినవాళ్లం బాబూ."

అప్పుడే ఎస్సై బేడీలతో వచ్చి గుమ్మంలో ఆగాడు. కనకరత్నం బోనెక్కుతూ వెనక్కి తిరిగి చూసింది.

"వస్తా. సాక్ష్యం చెప్పేదాకా అక్కడే నిలబడు" అంది.

జనం కదల్లేదు. ఎస్సై నిలబడ్డాడు.