ఆరేళ్లు నిండిన పిల్ల

జైలుకు పోయేనాటికి ఈరమ్మకు నాలుగో నెల. భర్తను చంపిందని అత్తింటివాళ్లు పెట్టిన కేసులో యావజ్జీవ శిక్ష పడింది. రజిని జైల్లోనే పుట్టి, ఆడఖైదీల ఒళ్లలో పెరిగింది. ఆరేళ్లు నిండగానే, ఇక పిల్లను లోపల ఉంచడానికి వీల్లేదని ఆస్పరి నుంచి మేనత్త సుభద్రమ్మను పిలిపించి అప్పగించారు. ఆ తరువాత పిల్లను చూపించడానికి ఎవరూ తీసుకురాలేదు.

ఈరమ్మ నిర్దోషి అని హైకోర్టు తేల్చేసరికి రజిని ఆదోనిలో డిగ్రీ చదువుతోంది.

ఎమ్మిగనూరులో అన్న దుర్గప్ప ఇంట్లో ఈరమ్మ మళ్లీ మగ్గం గుంతలోకి దిగింది. చేతులకు నేత గుర్తుంది. మనసే నిలవదు. వీధిలో ఏ ఆడపిల్ల కనబడినా, రజిని జడ ఇప్పుడెంత ఉంటుందో అనుకునేది. రెండుసార్లు ఆస్పరి పోయింది. సుభద్రమ్మ గడప దాటనివ్వలేదు.

"మా తమ్ముడు ల్యాకపాయ. ఆ పిల్లనన్నా మాకిడ్సిపెట్టు," అంది.

ఆ మాటలో కోపం కన్నా ఏడుపే ఎక్కువ వినబడి, ఈరమ్మ తిరిగొచ్చేసింది.

ఆమె అప్పీలు వాదించిన వకీలు వైదేహి ఆదోనిలో సభ పెట్టింది. తల్లి జైల్లో ఉంటే, బయటికి పంపేసిన పిల్లలను నెలకొకసారైనా ఆమెకు చూపించాలని ప్రభుత్వాన్ని అడగడానికి.

"నువ్వే మాట్లాడాలి ఈరమ్మా."

"నాకేం మాట్లాడొస్తాది మేడం?"

"జరిగింది చెప్పు, చాలు."

ఈరమ్మ మైకు ముందుకొచ్చి నిలబడింది. "నన్ను ఇడ్సిపెట్టినారు. సంతోషమే. కానీ నా బిడ్డకి పాలపండ్లు ఊడింది నేను సూడల్యా. పెద్దమనిషైంది సూడల్యా. అయ్యన్నీ ఏ కోర్టు తిరిగిస్తాది సెప్పండప్పా? తప్పు జేసినోళ్లయినా తల్లులే. పిల్లోళ్లేం జేసినారు? తెచ్చి సూపియ్యండి," అని కూర్చుంది.

సభ అయ్యాక మెట్ల దగ్గర ఒక అమ్మాయి వచ్చి నిలబడింది. వైదేహి కబురు పెడితే వచ్చిందట. ముక్కు అచ్చం భర్తదే. ఈరమ్మ చెయ్యి చాచి, మళ్లీ వెనక్కి తీసుకుంది.

"రజినీ..."

"నాకు ఆ సోటు గుర్తుంది," అంది రజిని. "అత్త అడిగితే లేదంటాను. ఒకామె జడేసేది. ఒకామె ముద్ద నోట్లో పెట్టేది. ఇంకొకామె పక్కన పండుకునేదాన్ని. ఆడ సానామంది అమ్మలుండిరి." ఈరమ్మ ముఖంలోకి చూసింది. "వాళ్లలో మీరెవరో ఎంత తలుచుకున్నా గుర్తు రాల్యా."

పక్కన పండుకున్నది నేనే అనబోయి ఈరమ్మ ఆగిపోయింది. ఆ పిల్ల ఒక్కోరోజు ఎవరి పక్కన పడితే వారి పక్కన నిద్రపోయేది.

"అందరమూ ఉంటిమి తల్లీ," అంది.

రజిని బస్టాండు దాకా నడిచి వచ్చింది. ఎమ్మిగనూరు బస్సు కదులుతుంటే, "మళ్లీ ఎప్పుడొస్తారు?" అని అడిగింది.

"నువ్వు రమ్మంటే రేపే వస్తా."

రజిని రమ్మనలేదు. ఫోన్ నంబరు మాత్రం ఇచ్చింది.

ప్రభుత్వం నుంచి ఇంకా జవాబు రాలేదు. ఈలోగా వైదేహి ఆఫీసుల చుట్టూ తిరిగి, జైల్లో ఉన్న ఒక్క తల్లికి బిడ్డను చూసే అనుమతి తెచ్చింది. నందవరంలో అమ్మమ్మ దగ్గరున్న ఆమె కూతురిని నెలకొకసారి ఈరమ్మే జైలుకు తీసుకుపోతుంది. పిల్ల లోపలికి పరిగెత్తాక, గేటు బయట గోడ నీడలో కూర్చుంటుంది.

రజిని అప్పుడప్పుడు ఫోన్ చేస్తుంది. "తిన్నారా?" అంటుంది. అమ్మా అని ఇంకా పిలవలేదు. అవతల పెట్టేశాక కూడా ఈరమ్మ ఫోన్‌ను కాసేపు చెవి దగ్గరే ఉంచుకుంటుంది.