చప్పుడు లేని చప్పట్లు

జూలై ఎండ నెత్తి మాడ్చేస్తుంటే టాన్స్‌లీ ఊళ్ళో క్రిస్మస్ వచ్చింది. వీధంతా కాగితపు మంచు, దీపాల తోరణాలు, ఉన్ని కోట్లలో ఉడికిపోతున్న జనం. ఈ క్రిస్మస్ టీవీ సినిమా తీస్తున్న డారెల్ పైక్ ఈ ఊరివాడే. ఏ మొహం పెట్టుకుని వచ్చాడో వాడికే తెలియాలి.

పంతొమ్మిదేళ్ళ కిందట, క్రిస్మస్ ముందురోజు, లోర్నా పెళ్ళిబట్టల్లో చర్చిలో రెండు గంటలు నిలబడింది. పెళ్ళికొడుకు డారెల్ రాలేదు. తను చేసుకున్న పెళ్ళికేకును తనే కోసి, వచ్చినవాళ్ళకి పొట్లాలు కట్టి పంపించింది.

ఇప్పుడు ఆఖరి సీను ఆమె బేకరీ మెట్ల మీదే. సీనుకి కావలసిన కేకూ ఆమెదే. ఆ పొద్దున బల్ల మీద ఎవరో మరిచిపోయిన సినిమా కాగితాలు చదివేదాకా కథేమిటో ఆమెకు తెలియదు. అందులో పెళ్ళి ఎగ్గొట్టింది బేకరీ అమ్మాయట! “నిన్ను చర్చిలో ఒంటరిగా నిలబెట్టాను, క్షమించు” అని ఏడుస్తుందట. పెళ్ళికొడుకు పెద్దమనసుతో క్షమిస్తాడట. ఊరు చప్పట్లు కొడుతుందట.

వాడు వదిలేసి పోయాడన్న లోర్నా ఏడుపు ఎప్పుడో అయిపోయింది. కానీ తను పడ్డ అవమానాన్ని వాడు కాజేసి, తప్పు మాత్రం తన నెత్తిన రుద్దాడు. ఇక ఏటా క్రిస్మస్‌కి ఇంటింటా ఆ అబద్ధమే చూస్తారు.

బిస్కట్ల పళ్ళెం పట్టుకుని, సీనులో చప్పట్లు కొట్టాల్సిన ఊరి జనంలోకి వెళ్ళింది. అంతా ఆనాడు చర్చిలో కూర్చున్నవాళ్ళే. విషయం విని, పోస్టుమాన్‌గా చేసి రిటైరైన ముసలి బెర్ట్ పళ్ళు నూరాడు.

“వాడికి మా చప్పట్లు కావాలా? కొట్టం పో.”

సినిమావాళ్ళ పద్ధతి ఒకటుంది. నటులు మాట్లాడుతుంటే జనం చేతులు తగలకుండా చప్పట్లు కొట్టాలి. చప్పుడు తరవాత కలుపుకుంటారు. కానీ చేతులు కనబడాలి కదా! డారెల్ “యాక్షన్” అనగానే అవన్నీ కోటు జేబుల్లోకి పోయాయి.

“కట్! చేతులేవండీ?”

“చలిరా అబ్బాయ్!” అన్నాడు బెర్ట్, చెమట తుడుచుకుంటూ. “డిసెంబరు కదా!”

మూడుసార్లు అదే తంతు. ఎండ వాలిపోతోంది. తెల్లారితే సినిమావాళ్ళు ఊరు వదలాలి. డారెల్ బేకరీలోకి పరుగెత్తుకొచ్చాడు.

“నువ్వే కదూ చెప్పింది?”

“రొట్టెలు కాల్చుకునేదాన్ని, నాకేం తెలుసు?”

“నీ కాళ్ళు పట్టుకుంటా లోర్నా. ఏం కావాలి?”

“ఆ రోజు చర్చికి రానిదెవరో మైకులో చెప్పు. కథలోనూ అలాగే మార్చు.”

“అది ఉత్త కథే!”

“అయితే మార్చడానికి నీకేం నొప్పి?”

డారెల్ మైకు తీసుకున్నాడు. “రానిది... నేను. లోర్నా వచ్చింది. నేనే పారిపోయాను.”

జేబుల్లోంచి చేతులు బయటికొచ్చాయి. ఈసారి తగిలాయి. సౌండు చూసే అతను చెవులకున్న హెడ్‌ఫోన్లు పీకి పారేశాడు. జనం మాత్రం డారెల్‌ని చూడటం లేదు, లోర్నా నిలబడ్డ బేకరీ గుమ్మం వైపు తిరిగి ఉన్నారు.

ఆ తరవాత సీను బాగా వచ్చింది. హీరో క్షమించమన్నాడు, అమ్మాయి క్షమించింది, చేతులు చప్పుడు లేకుండా ఆడాయి.

లోర్నా మెట్ల మీద కేకు కోసి ఒక్కొక్కరికీ పొట్లం కట్టి ఇస్తోంది. వరసలో చివర డారెల్ వచ్చి చెయ్యి చాచాడు.

“నీకు లేదు,” అంది. “నువ్వు పెళ్ళికి రాలేదుగా.”