కమాన్ కాడ ఒకడు

ప్రణయ్‌కు ఆట నేర్పమని యూనుస్ అడిగినప్పుడు విజయేందర్‌కు నవ్వొచ్చింది. కంప్యూటర్ మీద జట్లుగా ఆడే తుపాకుల ఆట అది. కరీంనగర్‌లోని ఒక గేమింగ్ సెంటర్‌లో, అది తెరిచిన నాటి నుంచీ ఉన్న జట్టు వాళ్లది. యూనుస్ కెప్టెన్, విజయేందర్, సన్నీ, మహమూద్ మిగతా ముగ్గురు. హైదరాబాద్ పోటీలో నలుగురు ఆడాలి, ఐదోవాడు పేరుకు ఉండాలి. ఆ పేరుకు ఉండేవాడే ప్రణయ్. మందమర్రి బొగ్గుబాయి క్వార్టర్లలో పెరిగి డిగ్రీకి ఇక్కడికి వచ్చాడు. ఆటలో శత్రువు కనబడితే గురి పెట్టడం మానేసి గోడల చుట్టూ తిరిగేవాడు.

వీడితో నాకేం పోటీలే అనుకుని విజయేందర్ ఒప్పుకున్నాడు. అతనికి ఇరవై ఏడేళ్లు. వచ్చే నెల నుంచి మేనమామ గ్రానైట్ ఆఫీసులో కూర్చోవాలి. హైదరాబాద్ స్టేజీ ఎక్కడానికి ఇదే ఆఖరి అవకాశం. దానికోసం ఆరేళ్లుగా ఇంట్లో తిట్లు తిన్నాడు.

వాళ్ల జట్టుకో పద్ధతుంది. ఆటలో కనబడే ప్రతి చోటికీ కరీంనగర్ పేరే. రెండు గోడల మధ్య సందు కమాన్. మెట్ల మేడ మంకమ్మతోట. పెట్టెల గుట్ట గంజ్. పోటీలో రెండు జట్లూ ఒకే హాల్లో ఎదురెదురుగా కూర్చుని అరుచుకుంటూ ఆడతాయి. బయటి ఊరివాళ్లు ఎంత చెవులు రిక్కించినా వీళ్లెక్కడున్నారో అంతు చిక్కదు. ఈ పేర్లన్నీ పెట్టింది విజయేందరే. ఆ గర్వం అతనికి ఇంతా అంతా కాదు.

ప్రణయ్‌కు ఊరు తెలియదు కదా. అందుకని బండెక్కించుకుని ఊరంతా తిప్పాడు. ఊళ్లోని పాత కమాను ద్వారం కింద బండి ఆపాడు.

"గిదే కమాన్. దీని కింద నిలబడ్డోనికి పక్కపొంటి ఏం కనబడుతది?"

"ఏం కనబడ్తలేదన్నా."

"గందుకే ఆటల గక్కడ నిలబడొద్దు. జర దిమాక్ వాడు."

తిట్టాడు, మొట్టికాయలు వేశాడు. పరుగెత్తుతూ కాల్చొద్దన్నాడు, అడుగుల చప్పుడు వినమన్నాడు. రెండు నెలలకు ప్రణయ్ గురి కుదిరింది. ఒకరోజు విజయేందర్‌నే పడగొట్టాడు. ఆ రోజు చాయ్ తాగించింది విజయేందరే, మనసులో కలుక్కుమన్నా సరే.

"మీరు లేకుంటే నేను గోడల సుట్టే తిరుగుతుంటి అన్నా" అన్నాడు ప్రణయ్. ఆ ఒక్క మాటకు విజయేందర్ పొంగిపోయాడు, పిచ్చివాడు.

పోటీలో ఆడే నలుగురి పేర్లు పంపాల్సిన ఆదివారం పొద్దున యూనుస్ మెల్లగా కదిపాడు.

"ఒక్క మ్యాచ్ చూద్దాం విజయ్. నీ జాగల ప్రణయ్ ఆడుతడు. నువ్వు సెంటర్ పోరగాళ్లతోని అవతలి దిక్కు ఆడు. ఎవలు మంచిగ ఆడితే వాళ్లే పోతరు. ఫికర్ చెయ్యకు."

విజయేందర్‌కు ఒళ్లు మండింది. అయినా సరేనన్నాడు. అవతల వాళ్లు అరిచే ప్రతి పేరూ తను పెట్టిందే. విని, ముందే వెళ్లి కాపు కాస్తే చాలు. అది న్యాయం కాదని అతనికి తెలుసు. ఉన్న ఒక్క చోటూ పోతుంటే న్యాయం ఎవడికి కావాలి? హెడ్‌ఫోన్ ఒక చెవి మీద నుంచి జరిపి కూర్చున్నాడు.

ఎదుటి వరసలోంచి ప్రణయ్ గొంతు వినిపించింది.

"లాంప్‌రూం కాడ ఒకడు! సన్నీ, నువ్వు డిస్పెన్సరీ ఎన్క నుంచి రా!"

విజయేందర్ వేళ్లు ఆగిపోయాయి. లాంప్‌రూం అంటే బాయిలోకి దిగేవాళ్లు టోపీ లైట్లు తీసుకునే గది. అది మందమర్రిలో ఉంటుంది. ఈ ఆటలో ఎక్కడుంది? ఆలోచించేలోపే వెనక నుంచి సన్నీ కాల్చాడు. తర్వాతి రౌండులో "క్యాంటీన్ మలుపుల ఉన్నడు" అని మహమూద్ కేకేశాడు. మళ్లీ చచ్చాడు. ఆ తర్వాతా అంతే.

చావడం కంటే ఎక్కువగా బాధపెట్టింది ఇంకొకటి. సన్నీ తడబడలేదు. మహమూద్ అదెక్కడని అడగలేదు. ఇన్ని కొత్త పేర్లు నోటికి అంత సాఫీగా రావాలంటే పది రోజులైనా ఆడి ఉండాలి, తనకు తెలియకుండా. ఎవరు పోవాలో ఎప్పుడో తేల్చేసి, ఈ పొద్దున తనతో మ్యాచ్ ఆడించారు.

అయిపోయాక ప్రణయ్ దగ్గరికి వచ్చి తల దించుకున్నాడు.

"యూనుస్ భాయే పేర్లు మార్చుమన్నడు అన్నా. పాతయైతే మీరు వినుకుంట ఆడుతరని."

"నేను వింటనని వానికెవడు చెప్పిండ్రా?"

ప్రణయ్ తల ఎత్తాడు.

"నేనే చెప్పిన. ఎదుటోడు ఏం చేస్తడో ముందుగాల్నే ఆలోచించుమని మీరే నేర్పిండ్రు గదన్నా."

లాగి ఒక్కటి కొట్టాలనిపించింది విజయేందర్‌కు. కానీ వాడు అనుకున్నట్టే, తను విన్నాడు.